ధ్వనికి భయపడే ఎడారిలో ధ్వని ఆయుధం

డ్యూన్ అభిమానుల మధ్య వియర్డింగ్ మాడ్యూల్ పేరెత్తితే చాలు, ముఖాలు చిట్లిస్తారు. ఫ్రాంక్ హెర్బర్ట్ 1965లో ప్రచురించిన డ్యూన్ నవలలో ఈ పరికరం లేదు. 1984లో సినిమా తీసిన డేవిడ్ లించ్ దాన్ని కల్పించాడు. గొంతుకు ఆనుకుని ఒక చిన్న బిళ్ల, చేతిలో ఒక పెట్టె. గొంతులోంచి వెలువడిన శబ్దాన్ని ఆ పెట్టె అందుకుని, పిడుగులా మార్చి ఎదుటివాడి మీదకు వదులుతుంది. దానితో ఎముకలు విరగ్గొట్టవచ్చు, నిప్పు పుట్టించవచ్చు, ఊపిరి ఆడకుండా చేయవచ్చు.

నవలలో ఆ పేరుతో ఉన్నది ఒక విద్య. బెనె జెసెరిట్ అనే స్త్రీల సంఘం తరతరాలుగా సాధన చేసి సంపాదించుకున్న దేహ నియంత్రణ అది. ఒక్కో కండరాన్నీ విడివిడిగా అదుపులో పెట్టుకుని రెప్పపాటులో కదలగలిగే నేర్పు. ఇసుక దిబ్బల మీద కుంగ్‌ఫూ చూపించడం లించ్‌కు నచ్చలేదట. దాంతో విద్య పోయి పెట్టె వచ్చింది. ఆయన 2025 జనవరిలో కన్నుమూశాడు కానీ, పెట్టె మీద పడే తిట్లు ఇప్పటికీ ఆగలేదు.

ఆ తిట్లలో చాలావాటితో నాకు పేచీ ఉంది. పెట్టెను వెనకేసుకురావాలని కాదు. దానిలో నిజంగా ఉన్న లోపాన్ని వదిలేసి, లేని లోపాలను పట్టుకుని నలభై ఏళ్లు గడిపేశామన్నదే నా బాధ.

మొదటి తిట్టు అందరికీ తెలిసిందే: పుస్తకంలో లేదు కదా! లేకపోతే ఏమైంది? నవలను తెరకెక్కించేవాడు నకలు రాయడానికి కూర్చోలేదు. పైగా ఆ నవల నిండా శబ్దమే. థంపర్ ఉంది: పొట్టి గూటం, దాని కొసన స్ప్రింగుతో కొట్టుకునే చెక్క. ఇసుకలో దిగ్గొట్టి వదిలితే ఒకే లయలో మోగుతూ ఆ ఎడారి గ్రహంలోని రాకాసి ఇసుకపురుగును పిలుస్తుంది. డిస్ట్రాన్స్ ఉంది: గబ్బిలం నాడుల్లో ఒక సందేశాన్ని తాత్కాలికంగా ముద్రిస్తే, అది మామూలుగా అరిచే అరుపులోనే ఆ సందేశం దాగి చేరవలసిన చోటికి చేరుతుంది. వాయిస్ అనే విద్య ఉంది: ఎదుటి మనిషి స్వభావాన్ని బట్టి స్వరాన్ని సరిగ్గా ఒక స్థాయిలో పలికితే, ఆ మనిషి తనకు తెలియకుండానే చెప్పినట్టు చేసేస్తాడు.

వీటన్నిటిలో నాకు బాగా ఇష్టమైనది నిశ్శబ్ద శంకువు. ఇద్దరు రహస్యం మాట్లాడుకోవాలంటే తమ చుట్టూ ఒక క్షేత్రాన్ని పరచుకుంటారు. లోపలి మాటల కంపనాలకు సరిగ్గా వ్యతిరేక దశలో ఉండే కంపనాలను అది పుట్టించి, బయటికి ఏమీ పొక్కకుండా అణచేస్తుంది. హెర్బర్ట్ దీన్ని గాలిలోంచి పుట్టించలేదు. ఒక అలకు దాని తలకిందుల అలను జోడిస్తే రెండూ రద్దవుతాయన్న సూత్రం మీద పాల్ లూయెగ్ అనే జర్మన్ శాస్త్రవేత్త 1936లోనే అమెరికాలో పేటెంటు పొందాడు. ఇప్పుడు విమానంలో చెవులకు తగిలించుకునే హెడ్‌ఫోన్లు ఇంజను హోరును తగ్గించేది ఈ సూత్రంతోనే. అంటే శబ్దాన్ని సాంకేతికతగా మలచడం హెర్బర్ట్ ప్రపంచంలో సొంతింటి వ్యవహారం. లించ్ పెట్టె ఆ ఇంటికి అపరిచితురాలేమీ కాదు, కాస్త పెంకి బంధువు.

రెండో తిట్టు విజ్ఞానశాస్త్రం పేరుతో వస్తుంది. అరిస్తే రాయి పగులుతుందా అని. పగలదు. లెక్క చూసినా అంతే. గొంతు చించుకుని అరిస్తే మీటరు దూరంలో తొంభై, వంద డెసిబెల్లు పలుకుతుంది. దానిలోని శక్తి ఒక వాటుకు ఎంతో తక్కువ. గాలిలో మామూలు ధ్వని తరంగానికి పైహద్దు దాదాపు 194 డెసిబెల్లు. అక్కడికి చేరేసరికి అలలోని పల్లం పూర్తి శూన్యమైపోతుంది, ఇక దిగడానికి పీడనం మిగలదు. ఆ హద్దు దాటినది మామూలు ధ్వనిగా మిగలదు, ఆఘాత తరంగం అవుతుంది. అంత శక్తినీ ఎలాగో పుట్టించినా, గాలిలోంచి రాతిలోకి వెళ్లబోయే ధ్వని దాదాపు మొత్తం ఉపరితలం దగ్గరే తిరిగి వెనక్కి వచ్చేస్తుంది. గాలి పలుచన, రాయి గట్టిది, రెండింటికీ పొత్తు కుదరదు.

అయినా మనుషులు ధ్వనితో రాళ్లు పగలగొట్టారు. 1980లో మ్యూనిక్‌లో వైద్యులు ఒక రోగి మూత్రపిండంలోని రాయిని కోత లేకుండా, ఆఘాత తరంగాలతో నలిపేశారు. ఆ తొలి యంత్రాల్లో రోగిని నీటి తొట్టెలో కూర్చోబెట్టేవారు. నీరూ మనిషి శరీరమూ ధ్వనికి ఇంచుమించు ఒకటే గనుక, అల తిరగబడకుండా ఒంట్లోకి వెళ్తుంది. నీటి అడుగున ఒక నిప్పురవ్వ పేలుతుంది, దీర్ఘవృత్తాకారపు లోహపాత్ర ఆ తరంగాన్ని మలిచి సరిగ్గా రాయి ఉన్న బిందువు దగ్గరకు చేరుస్తుంది. దారిలో ఉన్న కండకు పెద్దగా హాని ఉండదు. ఇది చదివిన రోజున నాకు లించ్ పెట్టె మీద గౌరవం కొంచెం పెరిగింది. అసాధ్యమైనది శక్తి కాదు, దాన్ని ఒక చోటికి చేర్చే దారి. మాయాజాలం కలిసిన అంతరిక్ష కథలో దారి సంగతి చూసీచూడనట్టు వదిలేయవచ్చు. ఆ గ్రహంలో దొరికే మసాలా అనే పదార్థం తిని భవిష్యత్తు చూసే మనుషులను ఒప్పుకుని, అరుపు దగ్గర భౌతికశాస్త్రం తిరగేయడం ఏమి న్యాయం?

ఒక తిట్టు మాత్రం బలమైనదే, దాన్ని దాటవేయలేను. హెర్బర్ట్ ప్రపంచంలో వేల ఏళ్ల కిందట యంత్రాల మీద పెద్ద తిరుగుబాటు జరిగింది. మనిషి మనసును పోలిన యంత్రాన్ని చేయరాదన్నది అక్కడ మతశాసనం. అందుకే కంప్యూటర్లు చేసే పనులకు మనుషులనే తీర్చిదిద్దుకుంటారు. లెక్కలకు మెంటాట్లు, నక్షత్రాల మధ్య దారి చూపడానికి గిల్డ్ నావికులు, మనసులను చదవడానికి బెనె జెసెరిట్లు. ఆ లోకంలో శక్తి అంటే సాధన. అలాంటిచోట సాధనను తీసేసి, ఎవరి చేతికైనా ఇవ్వగల పెట్టెను పెట్టడమంటే ఆ లోకపు వెన్నెముక మీద దెబ్బ కొట్టడమే.

తెలుగు పాఠకులకు ఈ అభ్యంతరం ఇంకా బాగా అర్థమవుతుంది. మాటకు ప్రాణం తీసే బలం ఉందన్న ఊహ మనకు కొత్త కాదు. పద్యం ఏ గణంతో మొదలుపెడితే ఏ ఫలితమో లక్షణకారులు పట్టికలే రాసిపెట్టారు. రగణానికి అధిదేవత అగ్ని, జాగ్రత్త అన్నారు. వేములవాడ భీమకవి కథ చిన్నప్పుడు వినని వారు తక్కువ. విందులో తనను అవమానించారన్న కోపంతో అప్పాలు కప్పలు కావాలనీ అన్నం సున్నం కావాలనీ అన్నాడట, అయ్యాయట. కాళ్లావేళ్లా పడితే మళ్లీ మామూలుగా మార్చాడట. ఈ కథల్లో మాట బలం మనిషి నుంచి వస్తుంది, దానికి ఖరీదు కూడా ఉంటుంది. రంభను రాయిగా పడి ఉండమని శపించిన విశ్వామిత్రుడు, కోపానికి తన తపస్సు ఖర్చయిపోయిందని వగచి మళ్లీ మొదటికి వెళ్లవలసి వచ్చింది. మన పురాణాల్లో శాపమంటే ఉత్తినే వచ్చేది కాదు. శపించినవాడి ఖాతాలోంచే పోతుంది.

మాడ్యూల్‌కు ఆ ఖాతా లేదు. గొంతుకు బిళ్ల తగిలించుకో, ఒక కేక వెయ్యి, ఎదుటివాడు కూలతాడు. ఎంత అరిచినా నీకు పోయేది లేదు. నా అసలు అభ్యంతరం ఇక్కడే మొదలవుతుంది. అయితే ఖరీదు ఎక్కడినుంచో తెచ్చి పెట్టనక్కరలేదు. ఆ గ్రహం మీదే ఉంది, కాళ్ల కిందే ఉంది. లించ్ దాన్ని చూడలేదు. తిట్టేవాళ్లూ చూడలేదు.

అర్రాకిస్ అనే ఆ గ్రహంలో ఇసుక కింద వందల మీటర్ల పొడవున్న పురుగులు తిరుగుతుంటాయి. లయబద్ధమైన ఏ శబ్దమైనా వాటికి పిలుపే. అక్కడి ఫ్రెమెన్ జాతి మనుషులు ఇసుక మీద మామూలుగా నడవరు. ఒక అడుగు ఈడ్చి, ఒకటి ఆపి, ఒకటి తొందరగా వేసి, గాలికి జారే ఇసుకలా గతి తప్పుతూ నడుస్తారు. కొన్నిచోట్ల ఇసుక రేణువులు గట్టిగా బిగుసుకుని డోలులా మోగుతాయి. పొరపాటున అక్కడ కాలు పడితే పరుగెత్తవలసిందే. పుట్టినప్పటి నుంచి శబ్దాన్ని మృత్యువుగా నేర్చుకున్న జాతి అది.

ఇది ఊరికే అల్లిన కల్పన కూడా కాదు. ఉత్తర అమెరికాలోని మొహావి ఎడారిలో ఒక తేలు ఉంది. అది రాత్రిపూట చీకట్లో, వాసన పసిగట్టకుండానే ఆహారాన్ని పట్టుకుంటుంది. 1970ల చివరలో ఫిలిప్ బ్రౌనెల్ అనే జీవశాస్త్రవేత్త దాని రహస్యం బయటపెట్టాడు. దాని ఎనిమిది కాళ్లూ చిన్న వృత్తంలా పరుచుకుని ఉంటాయి. అర మీటరు దూరంలో ఏ పురుగైనా కదిలితే ఇసుక ఉపరితలం మీద అల బయలుదేరుతుంది. ఆ అల ముందుగా ఏ కాలిని తాకిందో, వెనకగా ఏ కాలిని తాకిందో, ఆ తేడాను బట్టి తేలు దిక్కు తెలుసుకుని అటు తిరుగుతుంది. గాలిలో ధ్వని సెకనుకు సుమారు 343 మీటర్లు పోతుంది. వదులు ఇసుక పైపొరలో ఈ అల పోయేది యాభై మీటర్ల లోపే. అంత నెమ్మది గనుకనే కాలికీ కాలికీ మధ్య ఉన్న కాస్త దూరం కూడా తేలుకు చదువుకోదగ్గ సమయంగా మారుతుంది. నమీబ్ ఎడారిలోని బంగారు చుంచు అనే చూపులేని జీవి ఇసుకలో తల ముంచి గడ్డి దుబ్బుల కదలికలు వింటుంది. కొన్ని ఇసుక దిబ్బలైతే వాలు జారినప్పుడు వాటంతట అవే గంభీరంగా మోగుతాయి, డెబ్బై నుంచి నూరు హెర్ట్జ్ దాకా, పెద్ద తంబురా మంద్రస్థాయిలో పలికినట్టు. ఇసుకకు చెవులున్నాయి, గొంతు కూడా ఉంది. హెర్బర్ట్ ఆ చెవులను నాలుగు వందల మీటర్లకు పెంచాడు, అంతే.

ఇప్పుడు ఈ మనుషుల చేతికి ధ్వనితో రాతిని పిండి చేసే ఆయుధం ఇచ్చారనుకోండి. వాళ్లు అడిగే మొదటి ప్రశ్న ఏమై ఉండాలి? దీన్ని ఎక్కడ వాడకూడదు అనే కదా! గూటం మీద చెక్క కొట్టుకుంటేనే కొండంత పురుగు పరుగెత్తుకొస్తే, రాతిని పేల్చే మోతకు ఎన్ని రావాలి? సినిమాలో ఆ ప్రశ్న ఒక్కరి నోటినుంచీ రాదు. శిక్షణ కొండ గుహల్లో జరుగుతుంది, అది సరిపోతుంది. కానీ చివరి యుద్ధంలో సైన్యం పురుగుల వీపుల మీద ఎక్కి వస్తుంది, అదే యుద్ధంలో మాడ్యూళ్లు మోగుతూనే ఉంటాయి. పురుగులు ఉలిక్కిపడవు, బెదరవు, దారి తప్పవు. పెళ్లి ఊరేగింపులో ఏనుగులయినా బాణసంచాకు బెదురుతాయి.

లించ్‌కు ఇక్కడ దారి చూపించే ఉదాహరణ పుస్తకంలోనే సిద్ధంగా ఉంది, అదే నన్ను ఎక్కువ ఉడికిస్తుంది. ఆ ప్రపంచంలో సంపన్న వంశాల సైనికులు ఒంటి చుట్టూ ఒక రక్షణ క్షేత్రం కట్టుకుంటారు. వేగంగా వచ్చిన దేన్నైనా అది ఆపుతుంది, నెమ్మదిగా వచ్చిన కత్తిని మాత్రం లోపలికి రానిస్తుంది. ఈ కవచాన్ని ఎడారిలో వాడితే పురుగులు వెర్రెక్కి మీద పడతాయి. హెర్బర్ట్ పెట్టిన ఈ ఒక్క నియమం నుంచి ఎన్ని పుట్టాయో చూడండి. ఫ్రెమెన్లు కవచం లేకుండా పోరాడతారు, కాబట్టి వాళ్ల కత్తి చాలా వేగం. కథానాయకుడు పాల్ కవచాల మధ్య పెరిగాడు, కాబట్టి చివరి క్షణంలో చేతిని నెమ్మది చేయడం అతనికి అలవాటు. జామిస్ అనే ఫ్రెమెన్‌తో మొదటిసారి ప్రాణాలకు తెగించి తలపడినప్పుడు, గెలిచే అవకాశం దొరికిన ప్రతిసారీ అతని చెయ్యి అలవాటు కొద్దీ ఆగుతుంది. చుట్టూ చూస్తున్నవాళ్లకు మాత్రం ఈ కుర్రవాడు చంపగలిగీ చంపకుండా ఆడుకుంటున్నాడనిపిస్తుంది. ఒక పరికరానికి ఒక షరతు పెడితే అది రెండు జాతుల ఒంటి కదలికల్లోకి, పరువు ప్రతిష్ఠల్లోకి, అపార్థాల్లోకి పాకింది. కల్పిత సాంకేతికతకు నేను పెట్టుకున్న పరీక్ష ఇదే: దానివల్ల ఏం చేయగలుగుతారన్నది అందరూ రాస్తారు, దానివల్ల మనుషులు ఎలా మారిపోయారో రాసినవాడే రచయిత.

మాడ్యూల్ ఈ పరీక్షలో ఒకే ఒక్కసారి గట్టెక్కుతుంది. పాల్ ఫ్రెమెన్ యువకులకు విద్య నేర్పుతుంటాడు. గట్టి రాతి స్తంభం ఒకటి నిలబెట్టి, దాన్ని తన్నమంటాడు, దాని మీద అరవమంటాడు, ఏమీ కాదు. తర్వాత తాను మాడ్యూల్‌తో పలికి ముక్కలు చేస్తాడు. అంతవరకూ మామూలు గురువు ప్రదర్శన. ఆ తర్వాత ఒక శిష్యుడు, పెట్టె ధరించి ఉన్న సంగతి మరిచి, పాల్‌కు వాళ్లు పెట్టుకున్న పేరును భక్తితో ఉచ్చరిస్తాడు. మువాద్దీబ్. పైనుంచి రాళ్లు విరిగి పడతాయి. ఎవరూ ఎవరినీ చంపాలనుకోలేదు. పాల్ తనలో తాను అనుకుంటాడు: నా పేరే చంపే మాట అయింది, ఇది ఎప్పటికైనా మాన్పే మాట కూడా అవుతుందా అని.

నవలలో పాల్‌ను వెంటాడే భయం సరిగ్గా ఇదే. తన పేరు చెప్పుకుంటూ సైన్యాలు లోకాలను తగలబెడతాయని అతనికి ముందే కనిపిస్తుంటుంది. హెర్బర్ట్ దాన్ని చెప్పడానికి పాల్ మనసులోని మాటలు పుటల కొద్దీ రాశాడు. సినిమాకు ఆ వెసులుబాటు లేదు. లించ్ ఒక పేరు, ఒక మోత, కూలిన రాళ్లతో నిమిషంలోపే చెప్పేశాడు. ఈ సన్నివేశం పుస్తకంలో లేదని ఎవరైనా విసుక్కుంటే, పుస్తకాన్ని అర్థం చేసుకున్నవాడు తీసిన సన్నివేశం ఇది అంటాను. భీమకవి కథలో సున్నం మళ్లీ అన్నమయింది గనుక విన్నవాళ్లు నవ్వుకుని లేచారు. పాల్ అడిగిన ప్రశ్నకు అలాంటి జవాబు లేదు, ఉండకూడదు కూడా.

కానీ సినిమా ఆ ప్రశ్నను అక్కడే పాతిపెట్టి ముందుకు పోయింది. మర్నాటి నుంచి ఆ శిష్యులు గురువును ఏమని పిలిచారు? పెట్టె తగిలించుకున్న పదిమంది ఒకచోట ఉన్నప్పుడు పేరు నోటికి రాకుండా ఎలా జాగ్రత్తపడ్డారు? ప్రార్థనలో ఆ పేరు ఉంటే? కలవరింతలో వస్తే? యుద్ధంలో ఆ పేరే నినాదమయితే, ముందు వరుసలో ఉన్న తమవాళ్ల గతి ఏమిటి? శబ్దానికి జడిసి బతికే జాతి, తాను ఎక్కువగా ప్రేమించే మాటకు కూడా జడవవలసి రావడం. దీని మీదే మొత్తం కథ నడిపించవచ్చు. దానికి బదులు చివరలో పాల్‌కు పెట్టె కూడా అవసరం లేకుండా పోతుంది, వట్టి గొంతుతోనే నేలను చీలుస్తాడు, ఆపైన వాన కురుస్తుంది. అంటే అతను నిజంగానే దేవుడు. నవల ఎవరిని చూసి భయపడమని చెప్పిందో, సినిమా అతనికే హారతి పట్టింది.

వినడానికి ఎలా ఉందన్నది కూడా చెప్పాలి, ఇది ధ్వని ఆయుధం కాబట్టి. ఈ సినిమాకు వచ్చిన ఒకే ఒక్క ఆస్కార్ నామినేషన్ ధ్వనికే. లించ్‌తో ఎంతోకాలం పనిచేసిన అలన్ స్ప్లెట్ ధ్వని రూపకల్పన చేశాడు. పురుగుల ఘోష, యంత్రాల మూలుగు, ఖాళీ హాళ్లలో గాలి, ఇవన్నీ మంచి హెడ్‌ఫోన్లతో వింటే ఇప్పటికీ ఒళ్లు జలదరిస్తుంది. అంతటివాడి చేతిలో కూడా మాడ్యూల్ చివరికి తుపాకీలాగే మోగింది. అరుపు, ఆ వెంటనే పేలుడు. నన్నడిగితే దానికి ముందు నిశ్శబ్దం కావాలి. శబ్దం ప్రమాదమని తెలిసిన మనుషులు ఆయుధం ఎత్తగానే చుట్టూ ఉన్నవాళ్లు ఊపిరి బిగబట్టాలి, అడుగులు ఆగాలి, ప్రేక్షకుడి చెవి ఆ ఖాళీలోకి వంగాలి. అప్పుడు గుసగుస చాలు. గట్టిగా అరిచినవాడికన్నా నెమ్మదిగా పలికినవాడు భయంకరుడిగా కనిపించే ఆయుధం అది ఒక్కటే. చేతికి వచ్చిన ఆ అవకాశాన్ని కేకలకు ఖర్చు పెట్టారు.

డెనీ విల్నవ్ 2021లో, 2024లో తీసిన డ్యూన్ సినిమాల్లో మాడ్యూల్ లేదు. లేకపోవడం సరే. వాయిస్‌ను ఒక్కోసారి ఎముకల్లోంచి వస్తున్నట్టు వినిపించి, థంపర్ దెబ్బలను కుర్చీ కింద తగిలేలా పెట్టి, ఆయన పుస్తకంలోని శబ్దంతోనే పని జరుపుకున్నాడు. కానీ దాంతో మాడ్యూల్ ఒక చెడ్డ ఆలోచన అని తేలిపోయినట్టు మాట్లాడేవాళ్లను చూస్తే ఒప్పుకోబుద్ధి కాదు. షరతు లేని ఆలోచన, అంతవరకే.

ఆ షరతు పెట్టినవాళ్లు నిజానికి ఉన్నారు, అయితే సినిమావాళ్లు కాదు. 1992లో వచ్చిన డ్యూన్ 2 అనే కంప్యూటర్ ఆటలో పాల్ పుట్టిన అట్రేడీస్ వంశానికి మాత్రమే దక్కే ఒక ధ్వని ట్యాంకు ఉంటుంది. లించ్ పెట్టెకు అది చక్రాలు తొడిగిన వారసుడు. దాన్ని పేల్చితే ధ్వని అల నేల మీద తిన్నగా సాగుతుంది. దారిలో ఏది అడ్డొస్తే దాన్ని కొడుతుంది, శత్రువుదా సొంతదా అని చూడదు. తన సైనికుల వెనక ఈ ట్యాంకును నిలబెట్టిన ఆటగాడు మొదటి పేలుడులోనే వాళ్లను పోగొట్టుకుంటాడు. అందుకని బాగా ఆడేవాళ్లు ముందు దారి ఖాళీ చేస్తారు, ట్యాంకును ముందుకు తెచ్చుకుంటారు, లేదా పక్కకు తిప్పుకుంటారు, ఆ తర్వాతే పేలుస్తారు. ఇసుకలో మరీ ఎక్కువసేపు నిలబెడితే పురుగు వచ్చి ట్యాంకునే మింగేస్తుంది.